ట్రూడా అక్క వంటింటి కిటికీ

మా బొగ్గు గనుల వైపు వంటిల్లంటే కిటికీ ఉండి తీరాలి. ఇందులో వాదన లేదు. ఆడమనిషి పొయ్యి ముందు నిలబడి చేత్తో గరిటె తిప్పుతూ కళ్ళు మాత్రం వీధిలో పెట్టుకోవాలి. పని తెమిలాక కిటికీ గట్టు మీద దిండు వేసుకుని, మోచేతులు ఆనించి, అవతలి వరస ఇళ్ళవాళ్ళతో కబుర్లాడాలి. ఎవరి పిల్ల ఎవరితో షికారు వెళ్ళింది, ఎవరింట్లో పండక్కి దాచిన సీసా ముందే ఖాళీ అయింది, అన్నీ అక్కడే తేలతాయి. అయితే అసలు సంగతి అది కాదు. గనిలోకి దిగిన మగాడు షిఫ్టు అయ్యాక వీధి మలుపు తిరగడం ఆ కిటికీలోంచి కనిపిస్తుంది. కనిపించాకే మా ఆడవాళ్ళు మరిగే నీళ్ళలో బంగాళాదుంప ఉండలు వేస్తారు. ముందే వేస్తే మనిషి తిరిగి రాడని భయం. నవ్వేవాళ్ళు నవ్వుకోండి, మా వీధిలో మాత్రం ఎవరూ నవ్వరు.

మా పెద్దమ్మ హిల్డా ఈ విషయంలో మరీ పట్టింపు మనిషి. పెదనాన్న అలోయ్జ్ మలుపు దగ్గర టోపీ సర్దుకుంటే చాలు, ఇక్కడ ఉండలు నీళ్ళలో పడేవి. వాళ్ళకి ఒక్కతే కూతురు, ట్రూడా. నేను పెద్దమ్మ చెల్లెలి కూతుర్ని, లూత్సియాని. ట్రూడా నాకంటే రెండేళ్ళు పెద్దది. ఇద్దరం పోలండ్‌లో ఒకే ఎర్ర ఇటుకల వరసలో పుట్టాం, అరవైల మొదట్లో ఒకే కాలేజీలో ఆర్కిటెక్చర్ చదివాం. నేను చదివాను అంటే చదివాను, అంతే. ట్రూడా చేతిలో పెన్సిల్ పడితే మాత్రం పక్కన నిలబడ్డవాళ్ళకి కూడా ఒంట్లో హుషారు పుట్టేది. గది గీస్తే ఆ గదిలోకి వెళ్ళి కూర్చోవాలనిపించేది.

అప్పుడు కమ్యూనిస్టు పార్టీ రాజ్యం. కార్మికుల పిల్లలకి ప్రవేశ పరీక్షలో అదనపు మార్కులు ఇచ్చేవారు. ట్రూడాకి అవి అక్కర్లేదు, డ్రాయింగులో అందరికంటే పైన నిలిచింది. అయినా డాక్టర్ల కొడుకులు "బొగ్గు మార్కులు వచ్చాయిరోయ్" అని వెక్కిరించేవాళ్ళు. ఒకరోజు అక్క వెనక్కి తిరిగి, "అవును, బొగ్గు మార్కులే. మా నాన్న తవ్వకపోతే ఈపాటికి నువ్వు వణుకుతూ వెక్కిరించేవాడివి" అంది. ఆ తర్వాత ఆ మాట వినబడలేదు.

ఆ చదువులో మొదట నేర్చుకునేది గీత గీయడం కాదు, నోరు అదుపులో పెట్టుకోవడం. మార్క్సిజం పరీక్షలో నువ్వేం నమ్ముతావని ఎవరూ అడగరు, ఏం రాయాలో అందరికీ తెలుసు. మే డే ఊరేగింపుకి రెండంతస్తుల ఎత్తు శాంతి పావురాన్ని తయారుచేసే పని ఎప్పుడూ మాదే. ఒక ఏడాది వానకి దాని ముక్కు ఊడిపోయి వేదిక మీద పెద్దమనిషి ఒళ్ళో పడింది. నవ్వితే కొంప మునుగుతుందని మేమందరం కళ్ళు మూసుకుని కార్మికుల అంతర్జాతీయ గీతం పాడాం. అదొక్కటే మేం మనసుపెట్టి పాడిన ఏడాది.

మాకు ఇళ్ళ నిర్మాణం చెప్పేది ఓల్షాన్‌స్కీ మేష్టారు. యుద్ధం తర్వాత ఆయన సొంత ఊరు సరిహద్దు అవతల పడిపోతే రెండు పెట్టెలతో మా వైపు వచ్చినాయన. ఎంత కోపం వచ్చినా గొంతు పెంచడు. ట్రూడా అంటే ఆయనకి ప్రాణం. ఒకసారి నా ముందే ఆమెతో అన్నాడు, "పైవాళ్ళు అడిగారని నేను అయిదేళ్ళు భవనాల ముందు స్తంభాలు గీశానమ్మాయ్. అన్నీ లోపల బోలే. ఒక్కటీ దేన్నీ మొయ్యలేదు. నా కుటుంబాన్ని తప్ప."

ట్రూడా ఆఖరి సంవత్సరంలో ఉండగా మా ఎర్ర ఇటుకల వరస కూలగొడతారని తేలిపోయింది. కింద బొగ్గు తవ్వీ తవ్వీ నేల కుంగింది. గోడలు నోళ్ళు తెరిచాయి. పెద్దమ్మ గదిలో గోళీ పెడితే దానంతటదే గుమ్మందాకా దొర్లేది. అక్కడున్న కుటుంబాలన్నిటికీ గని తరఫున కొత్త బ్లాకులు కట్టిస్తారట. ఆ బ్లాకుల నమూనాని మా కాలేజీ ఆఖరి సంవత్సరం వాళ్ళు పట్టా కోసం గీసే డిప్లొమా పనుల్లోంచి ఎంచుతారట. నోటీసు బోర్డు మీద ఆ కాగితం చదివి ట్రూడా నా భుజాలు పట్టుకుని ఊపేసింది.

"లూత్సియా, అమ్మ ఇల్లు నేనే గీస్తానే. అమ్మ ఉండబోయే ఇల్లు."

"ఇంకా ఎంచలేదుగా అక్కా."

"ఎంచుతారు. ఎంచకపోతే చూడు ఏం చేస్తానో."

నాకు ఆ మధ్యాహ్నమంతా కాళ్ళు నేలమీద నిలవలేదు. మా వీధి పిల్ల గీసిన ఇంట్లో మా వీధంతా ఉంటుందంటే మాటలా?

తీరా గీయడం మొదలుపెడితే అసలు గొడవ బయటపడింది. మనిషికి ఇన్ని చదరపు మీటర్లని పైనుంచి నిబంధన. ఆ కొలతలో సంసారాన్ని ఇరికించాలంటే వంటింటిని ఇంటి మధ్యలో, గదుల వెనకాల, చీకట్లో పెట్టాల్సిందే. గోడ పైన ఒక గాజు పలక ఉంటుంది, పక్క గది వెలుతురు అందులోంచి ఎంత జాలి తలిస్తే అంత. దేశమంతటా అలాగే కడుతున్నారు. గుడ్డి వంటిళ్ళు అనేవాళ్ళం వాటిని.

"మా అమ్మని బీరువాలో పెట్టి వంట చెయ్యమంటారా?" అని ట్రూడా మండిపడింది. "నాన్న వస్తున్నాడో లేదో ఎలా తెలుస్తుంది? గోడకి చెవి ఆనించి వినాలా?"

చలికాలమంతా ఆమెకి అదే ధ్యాస. మెట్లు అటు జరిపింది, స్నానాలగది ఇటు తిప్పింది. ట్రాములో కూర్చుని ఆవిరి పట్టిన అద్దం మీద వేలితో ఇల్లు గీసేది. నేను పక్కనుండి చూసి "ఈ తలుపు తీస్తే మంచానికి తగుల్తుంది" అంటే తుడిచేసి మళ్ళీ గీసేది. మొత్తానికి కుదిరింది. వీధి వైపు కిటికీ, కిటికీ పక్కన పొయ్యి. నిజంగా కుదిరింది. కానీ కొలిచి చూస్తే నిబంధన దాటి రెండు మీటర్లు ఎక్కువ.

ఓల్షాన్‌స్కీ మేష్టారు ఆ కాగితం మీద వంగి చాలాసేపు చూశాడు. "చాలా బాగుంది. కమిటీవాళ్ళు దీన్ని తిప్పికొడతారు. చదువుకోవడానికీ సంస్కృతికీ అయితే ఈ ఏడాది రెండు మూడు మీటర్ల మినహాయింపు ఉంది. వంటకి లేదు" అన్నాడు.

ట్రూడా పెన్సిల్ చెవి వెనక పెట్టుకుంది. "మేష్టారూ, నేను దీన్ని వంటిల్లు అని రాయకపోతే?"

మేష్టారు లేచి వెళ్ళి తలుపు వేసి వచ్చాడు. "నేను ఈ మాట వినలేదు" అన్నాడు. తర్వాత తనే రబ్బరు తీసి ఆమె చేతిలో పెట్టాడు.

అలా పుట్టింది 'శ్రామిక కుటుంబ పఠన మూల'. కిటికీ ఉన్న చోటికి ఆ పేరు. దాని వెనకాల చీకటి కొట్టు ఒకటి, దాని మీద 'వంట' అని రాసింది. గ్యాసు పైపునీ నీళ్ళ పైపునీ ఆ రెంటి మధ్య గోడలో పెట్టింది. పొయ్యిని గోడకి అటువైపు పెడితే చట్టం, ఇటువైపు పెడితే పెద్దమ్మ. ఇంట్లో దిగాక ఎటు పెట్టుకోవాలో ఎవరికీ చెప్పనక్కర్లేదు. ఆ ఉపాయం చూసి నేను నవ్వలేక నవ్వలేక బల్ల కింద కూర్చున్నాను.

డిప్లొమా కమిటీ రోజు నేను హాల్లో వెనక వరసలో ఉన్నాను. కమిటీ పెద్ద కామ్రేడ్ పిటెల్, పార్టీ మనిషి. కళ్ళజోడు పైకీ కిందకీ జరిపి పఠన మూలని తెగ చూశాడు.

"కామ్రేడ్, మీ అమ్మగారు గని కార్మికుడి భార్య కదా. ఆవిడ ఈ మూలలో కూర్చుని ఏం చేస్తుందంటారు?"

"లోకంలో ఏం జరుగుతోందో అంతా అక్కడే తెలుసుకుంటుంది కామ్రేడ్" అంది ట్రూడా కళ్ళార్పకుండా.

పిటెల్ మురిసిపోయాడు. "ఇదీ కావలసింది. శ్రామిక స్త్రీ చైతన్యం" అని అందరివైపూ తిరిగి చెప్పాడు. మొదటి స్థానం ట్రూడాదే. నమూనా కట్టడానికి వెళ్తోంది. మేమిద్దరం చేతులు పట్టుకుని వీధిలో పరుగెత్తాం. గసగసాల రొట్టె కొనుక్కుని నడుస్తూనే తిన్నాం. ఇంటికెళ్ళి మాత్రం చెప్పలేదు. పెద్దమ్మకి చెబితే కిటికీకి చెప్పినట్టే, అరగంటలో ఊరంతా పాకుతుంది. గోడలు లేచాక చెబుదాం అంది ట్రూడా.

వేసవిలో ఆమెని ఆ బ్లాకులు కట్టే ఆఫీసులోనే శిక్షణకి వేశారు. వారం తిరక్కుండానే ముఖం వేలాడేసుకుని వచ్చింది. పైపుల విభాగంవాళ్ళు గ్యాసునీ నీళ్ళనీ నడిమి గోడలోంచి తీసేసి కొట్టుకి ఆ చివర, మెట్ల పక్క గోడకి మార్చేశారు. పైపు ఆదా చేసిన విభాగానికి ఆ ఏడాది బహుమానం ఉంది మరి. ఇక పొయ్యి ఆ చీకట్లోనే. కిటికీ పక్కకి గ్యాసు రాదు.

"పైపు మళ్ళీ ఈ గోడకే రావాలండీ" అని ఆమె విభాగం పెద్దని అడిగిందట.

"ఎందుకమ్మా? అటుపక్క పఠన మూలే కదా?" అన్నాడట ఆయన. "పఠన మూలకి గ్యాసెందుకు, పుస్తకాలు ఉడకేస్తారా?"

ఆఫీసంతా నవ్విందట. ఏమని జవాబు చెబుతుంది? తనే రాసింది కదా ఆ పేరు. నిజం చెబితే నమూనా మొత్తం రద్దు, మేష్టారి ఉద్యోగానికి ఎసరు. చెప్పకపోతే మా వీధి ఆడవాళ్ళందరూ కిటికీ పక్కన కూర్చుని పత్రికలు చదువుకుని, చీకట్లోకెళ్ళి వంట చేసుకోవాలి. సోమవారం పునాదులు పోస్తున్నారు.

దీన్ని మార్చగలిగినవాడు ఒక్కడే, నిర్మాణ డైరెక్టరు గ్రాబెత్స్. ట్రూడా శుక్రవారం పొద్దున్నే ఆయన గది ముందు కూర్చుంది. తోడుగా నేనూ వెళ్ళాను. ఆయన చెడ్డ మనిషిలా లేడు, అదే నాకు ఇంకా మంట. మాకు టీ తెప్పించాడు. ట్రూడా మెల్లిగా అసలు సంగతంతా చెప్పేసింది. ఆయన పడీ పడీ నవ్వాడు.

"మా అమ్మకీ వంటింటి కిటికీలో దిండు ఉండేదమ్మా. నాకు తెలీదా?" అన్నాడు. "దారి ఉంది. నేను ఈ నమూనా మీద 'ప్రయోగాత్మక నిర్మాణం' అని ముద్ర వేస్తే ఏ నిబంధనా వర్తించదు. వంటిల్లని వంటిల్లనే రాసుకోవచ్చు. కిటికీ, గ్యాసు, అన్నీను. దీని తర్వాత కట్టే బ్లాకులకి కూడా ఇదే నమూనా."

ట్రూడా కళ్ళు వెలిగిపోయాయి. నేను ఆమె చెయ్యి గట్టిగా పట్టుకున్నాను.

"అయితే ప్రయోగం ఎవరు చేశారన్నది చూస్తారు పైవాళ్ళు" అన్నాడు ఆయన, టీ కలుపుతూ. "పార్టీలో ఉన్న కుర్రాడైతే ఎవరూ ప్రశ్నించరు. మా అబ్బాయి జెనెక్ మీ తరగతే కదా. మంచివాడు. గీత ఒక్కటే రాదు. తన పేరు మీద కట్టిన ఇల్లంటూ ఒకటుంటే కాలేజీలో అసిస్టెంటుగా తీసుకుంటామంటున్నారు. నువ్వు సహాయకురాలివి అని ఉంటుంది. వేరే డిప్లొమా చేసుకోవచ్చు, కమిటీవాళ్ళతో నేను మాట్లాడతాను. ఈ మాట బయటికి పొక్కితే మాత్రం ముద్ర నిలవదు. రేపు మధ్యాహ్నంలోగా చెప్పు."

బయటికి రాగానే నా నోటికి అడ్డూ ఆపూ లేకుండా పోయింది. "వాడికి చెయ్యి తిరిగేది టేబుల్ టెన్నిస్ బల్ల దగ్గరే. వాడి పేరా? నీ పురిటి బిడ్డని తీసుకెళ్ళి ఊళ్ళో వాడి చేతిలో పెడతావా? వద్దు. చీకట్లో వండుకోనీ, దేశమంతా వండుకోవడం లేదూ?"

"దేశమంతా మా అమ్మ కాదు" అంది ట్రూడా.

మేష్టారి దగ్గరికి వెళ్ళాం. ఆయన విని కుర్చీలో వెనక్కి వాలాడు. "నేను స్తంభాలకి నా పేరు పెట్టాను. ఇప్పటికీ ఆ వీధిలో నడవను. నువ్వు మంచి ఇంటిమీదనుంచి నీ పేరు తీస్తానంటున్నావు. ఈ రెంట్లో ఏది ఎక్కువ నొప్పో నాకు తెలీదమ్మాయ్" అన్నాడు. పాపం ఆయన మాత్రం ఏం చెబుతాడు.

శనివారం ట్రూడా వెళ్ళి ఒప్పుకుని వచ్చింది. పెన్నుతో పేరు కొట్టేస్తారనుకుందట. అంత పని కూడా లేదు, బ్లేడుతో గీకేసి ఆ చోట కొత్త పేరు రాశారు. ట్రేసింగు కాగితం మీద ఆ గీకిన చోటు కాస్త గరుగ్గా ఉంటుంది, అంతే తేడా. ఇంటికొచ్చి చేతులు కడుక్కుని, "ఏడుపొస్తోందే" అని చెప్పి మరీ ఏడ్చింది.

ఆమెకిచ్చిన కొత్త డిప్లొమా ఏమిటనుకున్నారు? ప్రభుత్వ వ్యవసాయ క్షేత్రానికి పందుల కొట్టం. నేను కోపంతో ఊగిపోతుంటే ఆ మనిషి నిబంధనల పుస్తకం తెచ్చి నా ముందు పెట్టి పగలబడి నవ్వుతోంది. "చూడవే, పందులకి కిటికీ తప్పనిసరి. నేల విస్తీర్ణంలో ఇంత భాగం అని రాశారు. వాటితో ఏ పేచీ లేదు." ఆ కొట్టం కూడా ఎంత ముచ్చటగా గీసిందో చెప్పలేను.

తర్వాతి ఏడాది ప్రతి ఆదివారం ప్రార్థన అవగానే మేమిద్దరం కట్టే చోటికి పరుగు. గోడలు లేచాయి. వీధి వైపు వంటింటి కిటికీకి ఖాళీ వదిలారు. ఆ రోజు ట్రూడా మూడో అంతస్తు దాకా నిచ్చెన ఎక్కి, ఆ ఖాళీలో నిలబడి, "మలుపు కనిపిస్తోందే, గని గేటు కూడా కనిపిస్తోంది" అని కేక పెట్టింది. కింద నేను దుమ్ములో నిలబడి గంతులేశాను. కాపలావాడు వచ్చి తిట్టిపోశాడు. ఆ తర్వాత ఆమె జీవితమంతా గోదాములు, బస్సు షెల్టర్లు, గని కార్మికుల స్నానశాలలు గీసింది. మనుషులు కాపురముండే ఇల్లు మళ్ళీ ఆమె చేతికి రాలేదు. పేరులేని సహాయకురాలికి అలాంటివి ఎవరిస్తారు? ఎవరిమీదా పడి ఏడవలేదు, పనిలో మాత్రం ఎవర్నీ బతకనివ్వలేదు. షెల్టరులో బెంచీ వంకరగా ఉందని కాంట్రాక్టరు చేత మూడుసార్లు పీకించిన మనిషి.

ఇళ్ళు ఇచ్చిన రోజు గని బాండువాళ్ళు వచ్చి వాయించారు. వాళ్ళు వెళ్ళాక పాదిరిగారు వెనక మెట్ల మీదుగా వచ్చి గుట్టుగా పవిత్ర జలం చల్లి వెళ్ళారు. పెద్దమ్మకి మూడో అంతస్తు. వంటింట్లో అడుగుపెట్టి కిటికీ చూసి తిన్నగా వెళ్ళి గట్టు మీద మోచేతులు ఆనించింది. తర్వాత ఎంత మురిసిపోయిందంటే, ఇల్లు గీసిన అబ్బాయిని ఆదివారం భోజనానికి పిలవాల్సిందేనని పట్టుబట్టింది. వద్దని ట్రూడా ఎంత చెప్పినా వినలేదు, పెదనాన్నని పంపి పిలిపించింది.

పక్క రెండు బ్లాకులు ఇంకా కడుతున్నారు. మాట పొక్కితే ఆ ముద్ర పోతుంది, అక్కడివాళ్ళకి గుడ్డి వంటిళ్ళే. అందుకని ట్రూడా పొద్దున్నే నా చెవి పట్టుకుని, "నోరు తెరిచావో చంపేస్తాను" అంది.

జెనెక్ పువ్వులు పట్టుకుని వచ్చాడు. పెద్దమ్మ మాంసం చుట్టలు, ఎర్ర క్యాబేజీ, ఉండలు అన్నీ అతని పళ్ళెంలోనే గుమ్మరించింది.

"మీ అమ్మ వంట చేస్తుంటే పక్కన నిలబడి చూసి ఉంటావు నాయనా. లేకపోతే మగపిల్లాడికి ఈ ఊహ ఎలా వస్తుంది? ఈ వీధి ఆడవాళ్ళందరం నీ పేరు చెప్పుకుని ప్రార్థన చేస్తున్నాం."

జెనెక్ మొహం ఎర్ర క్యాబేజీ రంగుకి వచ్చింది. చెంచా కింద పెట్టాడు. "అది కాదండీ, నిజానికి దీన్ని నేను..."

"ఇంకో ఉండ వేసుకో జెనెక్" అంది ట్రూడా. అంటూనే బల్ల కింద నా కాలు తొక్కింది.

"మా అమ్మాయీ ఇదే చదువు చదివింది నాయనా" అంది పెద్దమ్మ, గరిటె చేత్తో పట్టుకుని. "మీ తరగతే. ఏం లాభం, పందుల కొట్టం కట్టింది. ఏమే, ఈ అబ్బాయిని చూసి నేర్చుకోకూడదుటే?"

పెదనాన్న తల వంచుకుని తింటున్నాడు. నాకు ఒళ్ళు మండిపోయి కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"నేర్చుకుంటానమ్మా" అంది ట్రూడా.

అతను వెళ్ళిపోయాక నేను ఆమెని మెట్లమీదకి లాక్కొచ్చాను. "నీకు చీమ కుట్టినట్టయినా లేదా? కొట్టం అంది. అందరి ముందూ అంది."

"ఉంది. చచ్చిపోవాలనిపించింది" అంది ట్రూడా.

"మరి ఆ బ్లాకులు పూర్తయ్యాకైనా చెబుతావా ఆవిడకి?"

"చెప్పను."

"ఎందుకు?"

"చెబితే ఆ కిటికీ దగ్గర నిలబడ్డప్పుడల్లా నన్ను తలుచుకుని ఏడుస్తుంది లూత్సియా. నాన్న కోసం చూడమని పెట్టాను దాన్ని, నా కోసం ఏడవమని కాదు" అంది. ముక్కు తుడుచుకుని గిన్నెలు కడగడానికి లోపలికి వెళ్ళింది.